ముందు తట్టవలసిన తలుపు



2023 జూలై నెలలో ఒక సాయంకాలము సదుం ప్రక్క పల్లెలో కుటుంబ ప్రార్థన ముగించుకొని బయలుదేరుచున్నాము. ఆ ఇంటి వాకిట ఎప్పుడూ రెండు పాడి ఆవులు కట్టి ఉండేవి. ఆ రోజు ఒకటే ఉన్నది. "రెండోది ఏమైందన్నా?" అని అడిగాము. ఆ ఇంటి పెద్ద తల వంచుకొని, "కోర్టుకు పోయిందయ్యగారూ" అన్నాడు.

మళ్ళీ అరుగు మీద కూర్చున్నాము. సంగతి ఇది. వారి అమ్మాయి ఇంటరు మంచి మార్కులతో ప్యాసయింది. ఈఏపీసెట్‌లో ర్యాంకు వచ్చింది. కౌన్సెలింగుకు కులం సర్టిఫికెట్ కావాలి. పట్నములో తెలిసిన ఒక మనిషి ఇతనికి ఒక సలహా చెప్పాడు: "మీరు చర్చికి పోయేవాళ్ళు. ఎమ్మార్వో ఆఫీసులో అర్జీ పెట్టినా ఎస్సీ అని ఇయ్యరు. ముందే హైకోర్టు నుంచి ఆర్డరు తెచ్చుకుంటే ఇంక ఎవరూ కాదనలేరు." ఆ మాట నమ్మి ఇతను ఆవును అమ్మాడు. రాత్రి బస్సు ఎక్కి అమరావతికి రెండు సార్లు వెళ్ళి వచ్చాడు. కొన్ని వారములకు ఒక కాగితము చేతికి వచ్చింది. దానిలో ఉన్నది ఇంతే: పిటిషనరు సంబంధిత అధికారికి దరఖాస్తు చేసికొనవచ్చును, చేసికొనిన యెడల అధికారి చట్టప్రకారము విచారించి తగిన ఉత్తర్వు ఇవ్వవలెను.

ఇంటి ఇల్లాలు గడప దగ్గర నిలబడి, "అంటే ఇప్పుడు ఆ ఆఫీసుకే పోవల్ల కదా అయ్యగారూ? ఆ పని ముందే చేసింటే ఆవు మిగిలేది కదా?" అన్నది. దానికి ఎవరమూ బదులు చెప్పలేకపోయాము.

అప్పుడు ఆ సహోదరుడు ఇంకొక మాట అడిగాడు. "అయ్యగారూ, మా పేర్లు మీ రిజిస్టరులో లేవని ఒక చీటీ రాసియ్యండి. దాంతో పనైపోతుందంట."

ఈ నెల ఈ సంగతులు వ్రాయుటకు ఆ సాయంకాలమే కారణము. మన పల్లెలలో ఇది ఒక్క ఇంటి కథ కాదు. అర్జీ పెట్టకముందే కోర్టుకు పరుగెత్తుట, పరుగెత్తి ఖాళీ చేతులతో తిరిగి వచ్చుట తరచుగా చూస్తున్నాము. మేము న్యాయవాదులము కాము. అయితే గొర్రెల కాపరి తోడేలును గూర్చి మాత్రమే కాదు, గొర్రెలు దారి తప్పే మలుపులను గూర్చి కూడ హెచ్చరించాలి గదా!

అర్జీ లేని కేసు ఎందుకు నిలువదు?

హైకోర్టు మన ఫిర్యాదు మీద ఒక అధికారికి "నీవు ఈ పని చేయుము" అని ఆజ్ఞాపించే అధికారము రాజ్యాంగము 226వ అధికరణము వలన కలిగింది. దానిని మాండమస్ రిట్టు అంటారు. ఇందులో ఒక పాత నియమమున్నది. మొదట మనము ఆ అధికారిని స్పష్టముగా అడిగి ఉండాలి. అతడు కాదని ఉండాలి, లేదా బదులు చెప్పకుండా గడువు దాటించి ఉండాలి. ఈ రెండూ జరిగిన తరువాతనే కోర్టు చేయి చాస్తుంది. 1974లో సుప్రీం కోర్టు కూడ ఈ నియమమును మరల చెప్పినది.

ఇందులో అన్యాయమేమీ లేదు. మన ఇంటిలోనే చూడండి. తమ్ముడు పలక ఇవ్వలేదని చిన్నవాడు తండ్రి దగ్గరకు ఏడ్చుకుంటూ వస్తాడు. తండ్రి మొదట అడిగే మాట, "వాణ్ణి నువ్వు అడిగినావా?" అనియే. అడగలేదంటే, "పోయి అడుగు" అని పంపుతాడు. ఆ సహోదరుని చేతికి వచ్చిన కాగితము కూడ చెప్పినది ఆ మాటే. ఆ మాట వినడానికి ఒక ఆవు ఖర్చయింది!

మరొక కారణమున్నది. ఒక మనిషి ఏ కులములో పుట్టినాడు, ఏ మతమును అనుసరించుచున్నాడు అనేవి విచారించి తేల్చవలసిన సంగతులు. బడి రికార్డులు చూడాలి, వి.ఆర్.ఓ. పల్లెకు రావాలి, ఇరుగుపొరుగును అడగాలి. ఈ పని చేయుటకు మన రాష్ట్రములో ప్రత్యేకముగా ఒక చట్టమే ఉన్నది. అది 1993లో చేసిన 16వ నంబరు చట్టము. దాని నియమావళి 1997 మే నెలలో 58వ నంబరు జీ.ఓ.గా వచ్చింది. అర్జీ ఎవరికి పెట్టాలి, కాదంటే అప్పీలు ఎక్కడ, తప్పుడు సర్టిఫికెట్‌ను ఎవరు రద్దు చేస్తారు అనే సంగతులన్నీ వాటిలో ఉన్నవి. ఇంత ఏర్పాటు ఉండగా దానిని దాటి వచ్చినవారిని, మొదట అక్కడికి వెళ్ళండని కోర్టు చెప్పుటలో ఆశ్చర్యము లేదు.

హైకోర్టు కాకపోతే ఊరి సివిలు కోర్టులోనైనా "నేను ఫలానా కులస్థుడను" అని డిక్రీ తెచ్చుకొందామని కొందరి ఆలోచన. ఆ దారి కూడ మూసి ఉన్నది. తమిళనాడులో గురుస్వామి అనే వ్యక్తి తాను కాట్టునాయకన్ తెగవాడనని సివిలు కోర్టులో దావా వేశాడు. ఆ కేసు సుప్రీం కోర్టు వరకు వెళ్ళింది. అటువంటి ప్రకటన చేయుటకు సివిలు కోర్టుకు అధికారము లేదని 1997లో సుప్రీం కోర్టు తేల్చివేసింది. అంతకు ముందే, 1994 సెప్టెంబరులో మహారాష్ట్రకు చెందిన మాధురి పాటిల్ కేసులో, కుల ధ్రువీకరణ కమిటీ నిర్ణయము మీద హైకోర్టుకు మాత్రమే వెళ్ళవచ్చునని, వేరే దావాలు నిలువవని చెప్పినది. అదే తీర్పులో మన తలిదండ్రులందరు గుర్తుంచుకొనవలసిన మాట మరొకటి ఉన్నది. కాలేజీలో చేరుటకు గాని, ఉద్యోగమునకు గాని, సర్టిఫికెట్ పరిశీలన కొరకు పెట్టే దరఖాస్తు కనీసము 6 నెలల ముందే పెట్టాలని కోర్టు చెప్పింది. మనమైతే కౌన్సెలింగు రేపనగా ఈ రోజు బయలుదేరుతాము!

అసలు భయమేమిటి?

ఆ సహోదరుడు ఆఫీసుకు వెళ్ళకుండా కోర్టుకు ఎందుకు వెళ్ళాడు? తొందరపాటు ఒక్కటే కాదు. లోపల ఒక భయమున్నది. దానిని దాచకుండా మాట్లాడుకొందాము.

1863లో డాక్టర్ జేకబ్ చేంబర్లేన్ మదనపల్లెలో మిషను పని ఆరంభించిన నాటినుండి ఈ ప్రాంతపు మాల, మాదిగ పల్లెలలో ఎన్నో కుటుంబములు ప్రభువును నమ్ముకొన్నవి. బాప్తిస్మము తీసికొన్నంత మాత్రాన ఊరిలో వారి పాక చోటు మారలేదు. హోటలులో గ్లాసు మారలేదు. అయితే సర్కారు కాగితములో మాత్రము మారిపోయింది. 1950 ఆగస్టు 10న వెలువడిన షెడ్యూల్డు కులముల ఉత్తర్వు 3వ పేరాలో, హిందూ మతము కాక వేరొక మతమును అవలంబించువారు షెడ్యూల్డు కులస్థులు కారని వ్రాయబడినది. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను అందులో చేర్చారు. క్రైస్తవులను చేర్చలేదు.

మన రాష్ట్రములో 1970 సెప్టెంబరులో వచ్చిన 1793వ నంబరు జీ.ఓ. ప్రకారము, క్రైస్తవులైన షెడ్యూల్డు కులములవారును వారి సంతతివారును బి.సి. 'సి' గ్రూపులో ఉన్నారు. ఆ గ్రూపుకు రిజర్వేషను 1 శాతము. షెడ్యూల్డు కులములకు 15 శాతము. 1977లో 341వ నంబరు జీ.ఓ. ద్వారా రాష్ట్ర ప్రభుత్వము తాను ఇచ్చే కొన్ని రాయితీలను క్రైస్తవులైన దళితులకు కూడ వర్తింపజేసింది గాని, చట్టబద్ధమైన రిజర్వేషను మాత్రము అందులో లేదు.

15కు 1కి ఉన్న తేడా చిన్నది కాదని మాకు తెలుసు. ఒక బిడ్డ భవిష్యత్తే ఆ తేడాలో ఉండవచ్చును. మద్రాసు వీధి ప్రక్కన చెప్పులు కుట్టుకొనే ఒక క్రైస్తవ సహోదరుడు సుప్రీం కోర్టుకు వెళ్ళాడు. హిందూ దళితులైన చెప్పులు కుట్టేవారికి ప్రభుత్వము ఉచితముగా బంకులు ఇచ్చి, తనకు ఇవ్వలేదని అతని మొర. అదే వీధి, అదే సూది, అదే దారము. అయినను 1985లో వచ్చిన తీర్పులో అతనికి విజయము దొరకలేదు. ఈ అన్యాయమును గూర్చి సంఘములు అడుగుచునే ఉన్నవి. 2004లో సుప్రీం కోర్టులో పిటిషను దాఖలైనది. 2022 అక్టోబరులో కేంద్రప్రభుత్వము జస్టిస్ కె.జి. బాలకృష్ణన్ అధ్యక్షతన ఒక కమిషనును నియమించింది. 2023 మార్చి 24న ఆంధ్రప్రదేశ్ శాసనసభ దళిత క్రైస్తవులను షెడ్యూల్డు కులములలో చేర్చాలని తీర్మానించింది.

అడుగుట మన హక్కు. చట్టము మారాలని ప్రార్థించుట, వినతిపత్రములు ఇచ్చుట, కోర్టులో వాదించుట అన్నీ న్యాయమైన దారులే. అయితే చట్టము మారక ముందే మన ఇంటి కాగితమును మార్చుకొనుట వేరు.

చీటీ సంగతి

ఆ రాత్రి మాకు నిద్ర పట్టలేదు. చీటీ వ్రాయుట ఐదు నిమిషముల పని. ఆ కుటుంబపు బాధ కండ్లారా చూసినాము. "మీ బిడ్డకైతే ఏం చేస్తారయ్యగారూ?" అని ఆ తండ్రి అడిగిన మాట చెవిలో మ్రోగుచునే ఉన్నది. మా బిడ్డలు కూడ ఆ 1 శాతములోనే నిలబడి పోటీ చేసినవారే. అయినా ఆ మాటకు నోరు తెరచి బదులు చెప్పలేకపోయాము.

మరుసటి ఉదయము సంఘపు బాప్తిస్మపు రిజిస్టరు తెరచి చూశాము. ఆ సహోదరుని తండ్రి పేరు, ఇతని పేరు, ఆ అమ్మాయి పేరు, మూడు తరములు మూడు సిరాలలో ఉన్నవి. లేవని ఎట్లు వ్రాయగలము?

మేము వారి ఇంటికి మరల వెళ్ళేసరికి, మేము చెప్పవలసిన మాట ఆ బిడ్డే తండ్రితో చెప్పుచున్నది. "నాన్నా, ఆదివారం సండే స్కూల్లో పిల్లోళ్ళకు పాఠం చెప్పి, సోమవారం ఆఫీసులో నాకు చర్చి తెలీదని ఎట్ల చెప్పేది? వి.ఆర్.ఓ. వచ్చి ఊర్లో ఎవరినడిగినా చెప్తారు కదా." పదునెనిమిదేళ్ళ పిల్ల మాట విని మేము సిగ్గుపడ్డాము.

ఆ బిడ్డ చెప్పినది విశ్వాసపు మాట మాత్రమే కాదు, వివేకపు మాట కూడ. తరువాత వచ్చిన తీర్పులు దానినే స్థిరపరచినవి. 2024 నవంబరు 26న సుప్రీం కోర్టు ఒక పుదుచ్చేరి సోదరి కేసులో తీర్పు ఇచ్చింది. ఆమె బాప్తిస్మము పొంది క్రమముగా చర్చికి వెళ్ళుచు, ఉద్యోగము కొరకు షెడ్యూల్డు కులపు సర్టిఫికెట్ కోరినది. నిజమైన విశ్వాసము లేకుండ రిజర్వేషను కొరకు మాత్రమే మతము చెప్పుకొనుట రాజ్యాంగమును మోసగించుటయే అని కోర్టు అన్నది. 2025 ఏప్రిలు 30న మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఒక పాస్టరు గారి కేసులో, క్రైస్తవుడైన వ్యక్తి చేతిలో పాత ఎస్సీ సర్టిఫికెట్ రద్దు కాకుండ ఉన్నంత మాత్రాన ఎస్సీ, ఎస్టీ అత్యాచార నిరోధక చట్టపు రక్షణ దొరకదని చెప్పింది. ఈ తీర్పులు మన మనస్సుకు బాధ కలిగించవచ్చును. అయితే తెలియనట్లు నటించుట మన బిడ్డలకు మేలు చేయదు.

తప్పుడు సర్టిఫికెట్‌తో వచ్చిన సీటు, ఉద్యోగము ఎన్నేళ్ళు గడిచినా నిలువవని 2017 జూలైలో సుప్రీం కోర్టు తీర్పు చెప్పినది. మన 1993 చట్టము ప్రకారము ఋజువు చేసికొనే భారము సర్టిఫికెట్ కోరినవారి మీదనే ఉన్నది. తప్పుడు సర్టిఫికెట్ పొందినవారికి 6 నెలలకు తక్కువ కాకుండ 2 సంవత్సరముల వరకు జైలుశిక్ష, జుల్మానా కూడ ఉన్నవి. ఇరువది ఏండ్లు ఉద్యోగము చేసి, పిల్లల పెండ్లిండ్ల వయస్సులో దానిని పోగొట్టుకొనుట ఎంత దుఃఖము! ఆ రోజున మా చీటీ ఆ బిడ్డను రక్షించేదా? ఆమె మెడకు ఉరి అయ్యేది.

తలుపులకు వరుస ఉన్నది

కోర్టుకు ఎన్నడూ వెళ్ళరాదని మేము చెప్పుట లేదు. వరుస తప్పవద్దని మాత్రమే చెప్పుచున్నాము. దేవుని వాక్యములోనే ఈ వరుస కనబడుచున్నది.

నిర్గమకాండము 18వ అధ్యాయములో మోషే ఉదయము మొదలుకొని సాయంకాలము వరకు ప్రజల తగవులన్నీ ఒక్కడే వినుచు అలసిపోవుచున్నాడు. మామయైన యిత్రో అది చూచి, పదిమందికి ఒకరిని, ఏబదిమందికి ఒకరిని, నూరుమందికి ఒకరిని నియమించి, చిన్న సంగతులు వారి దగ్గర తీరనిచ్చి, కఠినమైనవి మాత్రమే నీ దగ్గరకు రానిమ్మని సలహా ఇచ్చాడు. సచివాలయము, తహసీల్దారు, డివిజను అధికారి, జిల్లా కలెక్టరు, హైకోర్టు అనే వరుస కూడ అటువంటిదే.

సంఖ్యాకాండము 27వ అధ్యాయములో సెలోపెహాదు కుమార్తెలు ఐదుగురు ఉన్నారు. కుమారులు లేని తమ తండ్రి పేరు ఆస్తిలో లేకుండ పోవుట అన్యాయమని వారికి తోచినది. వారు ఇంటిలో గొణుగుకొనలేదు, దొంగ వంశావళి వ్రాయించుకొనలేదు. ప్రత్యక్షపు గుడారము ద్వారమున పెద్దలందరి యెదుట నిలబడి తమ మాట తిన్నగా చెప్పుకొన్నారు. దేవుడు వారి పక్షమున తీర్పు తీర్చాడు. ఆ తీర్పు ఇశ్రాయేలీయులందరికి కట్టడ ఆయెను. చట్టము మారవలెనంటే ఇట్లు మారాలి!

ఎజ్రా గ్రంథము 2వ అధ్యాయములో చెరనుండి తిరిగి వచ్చిన కొందరు యాజకులు తమ వంశావళి పుస్తకములలో తమ పేర్లు వెదకుకొన్నారు, దొరకలేదు. ఆ కాలపు సర్టిఫికెట్ సమస్య అది! అధికారి వారిని, ఊరీము తుమ్మీములు గల యాజకుడు లేచే వరకు ఆగుమన్నాడు. ఆగుట కష్టమే. అయినా లేని పేరును పుస్తకములోనికి ఎక్కించిన వారు గొప్పవారని వాక్యము ఎక్కడా చెప్పలేదు.

మన రాష్ట్రపు కోర్టు చరిత్రలో కూడ వరుస తప్పని ఒక కేసు ఉన్నది. గుంటూరు వైద్య కళాశాలలో చేరుటకు ఒక విద్యార్థి దరఖాస్తు పెట్టాడు. తలిదండ్రులు క్రైస్తవులైనారు గాని, తాను తిరిగి హిందువునైనానని అతడు చెప్పాడు. ఎంపికైన తరువాత ఆ ఎంపికను రద్దు చేశారు. అప్పుడు అతడు కోర్టుకు వెళ్ళాడు. 1976లో సుప్రీం కోర్టు అతని పక్షముగా తీర్పు ఇచ్చింది. తిరిగి వెళ్ళినవాని కథ గనుక ఇది మనకు సంతోషము కలిగించేది కాదు. అయితే ఒకటి గమనించండి. అతడు మొదట దరఖాస్తు పెట్టాడు. కాదన్న కాగితము చేతికి వచ్చింది. అప్పుడే కోర్టు తలుపు తట్టాడు. అందుచేతనే కోర్టుకు విచారించుటకు ఒక సంగతి దొరికింది.

మా సంఘములో ఒక విధవరాలి సాక్ష్యము

మా పరిచర్య ప్రాంతములో ఒక సుగాలీ తాండా ఉన్నది. అక్కడ ఒక విధవరాలికి ఒక్కడే కొడుకు. వారును క్రైస్తవులే. షెడ్యూల్డు తెగల ఉత్తర్వులో మతమును గూర్చిన షరతు లేదు గనుక, క్రైస్తవుడైనంత మాత్రాన సుగాలీ బిడ్డ తన తెగ హోదా పోగొట్టుకొనడు. ఈ సంగతి తెలియక చాలమంది భయపడుచున్నారు.

2021లో ఆమె కొడుకు కొరకు దరఖాస్తు పెట్టింది. ఆమెకు చదువు రాదు. అయితే సచివాలయములో ఇచ్చిన రసీదును ప్లాస్టిక్ కవరులో పెట్టి బైబిలులో దాచుకొన్నది. నెల గడిచింది, రెండు నెలలు గడిచినవి, బదులు లేదు. ఆమె కోపపడలేదు, మధ్యవర్తిని వెదకలేదు. మా యువకులలో ఒకడు ఆమె తరఫున జ్ఞాపకపత్రము వ్రాసి ఇచ్చి, దాని మీద కూడ ముద్ర వేయించుకొన్నాడు. తరువాత సమాచార హక్కు చట్టము క్రింద, "ఫలానా తేదీ దరఖాస్తు ఎవరి దగ్గర ఉన్నది? ఇంతవరకు ఏమి చేశారు?" అని రెండు ప్రశ్నలు అడిగారు. దానికి కూడ సరియైన జవాబు రానప్పుడు, మదనపల్లె కోర్టు ఆవరణములోని న్యాయసేవల కార్యాలయమునకు ఆమెను తీసికొని వెళ్ళాము. అక్కడివారు ఆ రసీదు, జ్ఞాపకపత్రము వరుసగా పేర్చి చూచి, "ఇది కేసంటే!" అన్నారు. హైకోర్టుకు పిటిషను తయారగుచుండగానే సర్టిఫికెట్ ఇంటికి వచ్చింది. ఆమెకు అయిన ఖర్చు బస్సు చార్జీలు, జిరాక్సులు.

ఒక ఇంటిలో ఆవు పోయింది, కాగితము రాలేదు. మరొక ఇంటిలో ఒక రసీదే ఆవు విలువ చేసింది.

మన కుటుంబములు చేయవలసినవి

1. బిడ్డ పదవ తరగతిలో ఉండగానే కులం సర్టిఫికెట్ పని ఆరంభించండి. బడిలో చేర్చునప్పుడే కులము, మతము సరిగా వ్రాయించండి. తండ్రి రికార్డులో ఒకటి, కూతురి రికార్డులో ఒకటి ఉంటే తరువాత చిక్కులు వచ్చును.

2. గ్రామ సచివాలయములో గాని మీసేవలో గాని దరఖాస్తు పెట్టండి. 2019 అక్టోబరు నుండి సచివాలయములు ఉన్నవి గనుక పల్లె దాటి పోనవసరము లేదు. రేషను కార్డు, బడి సర్టిఫికెట్లు, ఇంటిలో ఎవరికైనా ముందు ఇచ్చిన కులం సర్టిఫికెట్ జతపరచండి. బి.సి.లకు, ఎక్కువ షెడ్యూల్డు కులములకు తహసీల్దారు అధికారి. కొన్ని కులములకు, తెగలకు ఆర్.డి.ఓ. లేక సబ్ కలెక్టరు. మీది ఎవరి దగ్గరకు పోవునో సచివాలయములో అడిగి తెలిసికొనండి.

3. రసీదు లేకుండ ఇల్లు చేరవద్దు. నోటిమాటగా అడిగినది అడిగినట్టు కాదు. "రేపు రా" అన్నది తిరస్కరణ కాదు. మన చేతిలో తేదీ గల కాగితము ఉండాలి.

4. 30 రోజుల తరువాత కూడ బదులు లేకపోతే వ్రాతపూర్వకముగా జ్ఞాపకము చేయండి. సమాచార హక్కు దరఖాస్తుకు మండల స్థాయిలో రుసుము 5 రూపాయలు. తెల్ల కార్డు గలవారికి అదియు లేదు. సోమవారము కలెక్టరు కార్యాలయములో జరిగే అర్జీల కార్యక్రమములో కూడ చెప్పుకొనవచ్చును.

5. కాదని చెప్పితే ఆ మాట కారణములతో కాగితము మీద ఇమ్మని అడగండి. ఆ కాగితము చేతికి వచ్చిన 30 రోజులలో పై అధికారికి అప్పీలు చేసికొనవచ్చును. ఆ గడువు దాటనీయవద్దు.

6. ఇవన్నీ అయిన తరువాత కోర్టుకు వెళ్ళవలసి వస్తే నిర్భయముగా వెళ్ళండి. 1987 న్యాయసేవల చట్టము ప్రకారము స్త్రీలకు, పిల్లలకు, షెడ్యూల్డు కులములు తెగలవారికి, ఆదాయము తక్కువైనవారికి ఉచితముగా న్యాయవాదిని ఇస్తారు. ఆవును అమ్మే ముందు ఆ కార్యాలయపు మెట్లు ఎక్కండి.

7. సంఘ కాపరులకు ఒక మనవి. రిజిస్టరులో ఉన్నది ఉన్నట్టు వ్రాసి ఇవ్వండి, లేనిది వ్రాయకండి. జాలి పేరట ఇచ్చిన అబద్ధపు చీటీ ఆ కుటుంబమునకును, సంఘమునకును ఉరియగును.

ఆ బిడ్డ ఏమైనది?

ఆ అమ్మాయి తండ్రితో కలిసి సచివాలయమునకు వెళ్ళి, ఉన్నది ఉన్నట్టు చెప్పి, బి.సి. 'సి' అని దరఖాస్తు పెట్టింది. మూడు వారములకు సర్టిఫికెట్ వచ్చింది. అప్పటికే మొదటి విడత కౌన్సెలింగు దాటిపోయింది. కోరిన కాలేజీ దొరకలేదు. తరువాతి విడతలో ఇంటికి దూరముగా ఒక కాలేజీలో సీటు వచ్చింది. మొదటే దరఖాస్తు పెట్టి ఉంటే దగ్గరి కాలేజీ దొరికి ఉండేదేమో. ఆ నష్టము ఆమెది, దానిని మేము తక్కువ చేసి చెప్పలేము.

సెలవులకు వచ్చినప్పుడు ఆమె ఇప్పటికిని సండే స్కూలులో పాఠము చెప్పుచున్నది. ఆమె ఫైలులో ఉన్న సర్టిఫికెట్‌ను ఎవరు తిరగవేసి చూచినా భయపడవలసిన పని లేదు. ఆ తండ్రి ఒకనాడు మాతో, "అయ్యగారూ, ఆవు మళ్ళీ కొనుక్కుంటా. ఈ కాగితం మటుకు ఎవురూ తీసుకోలేరు" అన్నాడు. ఇంకా కొనలేదు. ఆ వాకిట ఒకే ఆవు ఉన్నది.

లూకా సువార్త 18వ అధ్యాయములోని విధవరాలు న్యాయాధిపతిని విసుగక అడుగుచునే ఉన్నది. అడుగుటకు ఆమె సిగ్గుపడలేదు, అడిగినది న్యాయమైనది. ప్రియ సహోదరీ సహోదరులారా, మనము కూడ అడుగుదము. అయితే ముందు అడగవలసిన చోట ముందు అడుగుదము, నిజము చెప్పి అడుగుదము. ఈ నెల మీ ఇంటి బీరువాలోనో పెట్టెలోనో ఉన్న బిడ్డల కాగితములు ఒకసారి తీసి చూడండి. లేనిది ఉంటే రేపే సచివాలయమునకు వెళ్ళండి. దారి తెలియకపోతే మీ సంఘ కాపరిని తోడు రమ్మనండి. అతడు రాకపోతే మాకు చెప్పండి!

న్యాయవంతుడైన దేవుడు మన బిడ్డలకు తలుపులు తెరచును గాక. ఆమేన్.